ఫిరంగి దళానికి గణితం ముఖ్యం

సంపాదకులకు,

గోపాల్‌పూర్‌లో ఉన్నది ఆర్టిలరీ (ఫిరంగి దళం) స్కూలని ఒడిశాలోని మన గంజాం, గజపతి జిల్లాల పిల్లలు కొందరు పొరబడుతున్నారు. అది గగనతల రక్షణ దళం కళాశాల. ఆ దళం 1994లోనే ఆర్టిలరీ నుంచి వేరుపడింది. ఆర్టిలరీ స్కూల్ నాసిక్ దగ్గర దేవ్‌లాలీలో ఉంది.

సైన్యంలో అధికారి కావాలంటే ఇంటర్ తర్వాత ఎన్డీఏ (జాతీయ రక్షణ అకాడమీ ప్రవేశ పరీక్ష) రాసి నెగ్గితే ఖడక్‌వాస్లాలో మూడేళ్లు, డెహ్రాడూన్‌లో ఏడాది శిక్షణ. డిగ్రీ అయ్యాక సీడీఎస్ (కంబైన్డ్ డిఫెన్స్ సర్వీసెస్) పరీక్ష ఉంది. ఆర్మీకి ఇంటర్‌లో ఏ గ్రూపైనా సరే, కానీ ఎన్డీఏలో గణితం పేపరు తప్పదు: 120 ప్రశ్నలు, 300 మార్కులు, రెండున్నర గంటలు. తప్పు జవాబుకు ఆ ప్రశ్న మార్కుల్లో మూడో వంతు కోత. మనవాళ్లు ఎక్కువగా దెబ్బతినేది ఇక్కడే, తెలియని ప్రశ్నకు కూడా గుడ్డిగా జవాబు గుర్తు పెట్టి.

త్రికోణమితి ఉద్యోగంలోనూ వదలదు. ఫిరంగి గురికి వృత్తాన్ని మిల్స్ అనే 6400 చిన్న కోణాలుగా విభజిస్తారు. ఒక మిల్ తేడా వస్తే 20 కిలోమీటర్ల దూరంలో గుండు దాదాపు 20 మీటర్లు పక్కకు పడుతుంది. గాలి వేగం, గాలి సాంద్రత, పేలుడు మందు వేడిమి, ఫిరంగి గొట్టం అరుగుదల అన్నీ లెక్కలోకి రావాలి. మందు వేడెక్కితే గుండు వేగం పెరిగి లక్ష్యాన్ని దాటిపోతుంది. ముందు వరుసలో పరిశీలక అధికారి చెప్పే సవరణ తప్పితే ప్రమాదం మన సైనికులకే.

2023లో మహిళా అధికారులు కూడా ఫిరంగి దళంలో చేరారు. అమ్మాయిల తల్లిదండ్రులు ఇది గమనించాలి. మన ఊళ్ల బడులు తొమ్మిదో తరగతి నుంచే గణితంపై శ్రద్ధ పెట్టించాలని కోరుతున్నాను.

– ఒక గణిత ఉపాధ్యాయుడు, పర్లాకిమిడి