తమ్ముడు నాణేల చదువు చదువుతానంటే ఆపకు

అరేయ్ దోస్త్,

నీ ఉత్తరం చదివిన. తమ్ముడు పాత నాణేల మీద పీహెచ్‌డీ చేస్తానంటున్నాడని, బాపు "దాంతోని కడుపు నిండుతదా" అని కోపం చేస్తున్నాడని రాశావు. ఇక్కడ హనుమకొండలో నేను చదివేది అదే కాబట్టి నాకు తెలిసింది చెప్తా, బాపుకు వినిపించు.

ఉద్యోగాలు తక్కువే. పురావస్తు శాఖ, మ్యూజియాలు, యూనివర్సిటీలు, అంతే. నోటిఫికేషన్ పడేదాకా టెన్షన్ ఉంటది. అయినా ఈ పని పట్టుకున్నవాళ్లు వదల్లేదురా. పరబ్రహ్మశాస్త్రి గారు పురావస్తు శాఖ కొలువులో ఉంటూ శాసనాలూ నాణేలూ చదివారు. దేమె రాజారెడ్డి గారు న్యూరోసర్జన్, తలకు ఆపరేషన్లు చేసే డాక్టర్ కోటిలింగాల లాంటి చోట్ల దొరికిన పాత నాణేల మీద రాశారంటే ఎంత ఇష్టం ఉండాలి చెప్పు!

ఆ కోటిలింగాల మనకు ఎంత దగ్గరో నీకు తెలుసు, పెద్దవాగు గోదావరిలో కలిసేచోటు. అక్కడ దొరికిన నాణేల మీద బ్రాహ్మీ లిపిలో గోబద, నారన, కంవాయ, సిరివాయ, సమగోప అని పేర్లున్నాయి. శాతవాహనుల కన్నా ముందే ఇక్కడ రాజులు సొంతంగా నాణేలు వేయించారని మనకు తెలిసింది వాటివల్లే. చిముక పేరుతో ఉన్నవీ అక్కడే దొరికాయి. పురాణాలు ఆంధ్ర రాజుల్లో మొదట చెప్పే సిముకుడు ఇతనేనని శాస్త్రి గారి మాట, నాకూ అదే సరైందనిపిస్తది. ఇవే నాణేలు దొరికిన చోటు తెలియకుండా ఏ పట్నం దుకాణంలోనో కనబడి ఉంటే, గోదావరి ఒడ్డుకూ ఈ రాజులకూ సంబంధం ఉందని ఎవరు చెప్పగలిగేవాళ్లు? నాకు బాధ అక్కడే. పొలం దున్నుతుంటే దొరికిన నాణేల కుండను పంచుకుని కరిగించేస్తారు. 1878 నాటి నిధుల చట్టం ప్రకారం దొరికినదాన్ని కలెక్టర్‌కు తెలియజేయాలని చాలామందికి తెలియదు.

నాసిక్ దగ్గర జోగల్‌తెంబిలో 1906లో 13 వేలకు పైగా వెండి నాణేలు బయటపడ్డాయి. క్షత్రప రాజు నహపాణుడి బొమ్మ మీదే శాతవాహన రాజు గౌతమీపుత్ర శాతకర్ణి తన ముద్ర మళ్లీ కొట్టించినవి వాటిలో చాలా ఉన్నాయి. ఎవరు ఓడారో ఎవరు గెలిచారో ఆ వెండి ముక్కే చెప్తోంది కదరా!

తమ్ముణ్ని ముందు బ్రాహ్మీ లిపి, కొంచెం ప్రాకృతం నేర్చుకోమను, నిజాం కాలపు నాణేలు, అంటే హాలీ సిక్కాలు చదవాలంటే ఫారసీ లిపి కూడా కావాలి. సెలవుల్లో ఇటు పంపు, నా దగ్గరున్న పుస్తకాలన్నీ ఇస్తా.

నీ దోస్తు