ఉత్తరం దొరక్కపోతే ఏమయ్యేది?

సంపాదకులకు నమస్కారం.

మీ ఆదివారం పుస్తకాల పేజీలో ప్రేమ నవలికల మీద వచ్చిన వ్యాసం చదివాను. ఇవన్నీ ఆడవాళ్ళ కాలక్షేపం అని రాసినాయన రెండు ముక్కల్లో తేల్చేశారు. నేను ఆడదాన్నే, కాలక్షేపానికే చదువుతాను, అందులో దాచేదేం లేదు. డిటెక్టివ్ నవలలు మాత్రం ఎవరైనా మోక్షం కోసం చదువుతున్నారా? సరే, ఆయన సంగతి వదిలేయండి. ఈ నవలికల మీద నాకూ కోపం ఉంది, కాకపోతే అది ఇష్టంగా చదివేదాని కోపం.

ముఖ్యంగా ఒక రకం మీద. ఎప్పుడో ఊరొదిలి వెళ్ళిన అమ్మాయి చాలా ఏళ్ళకి తిరిగొస్తుంది. తండ్రి పోయాడనో, ఇల్లు అమ్మాలనో, పెళ్ళి పెటాకులైందనో ఏదో ఒక కారణం. మొదటి పేజీలో బస్సు దిగుతుంది, మూడో పేజీలో అతను ఎదురుపడతాడు, కణతల దగ్గర కాస్త నెరిసి ఉంటాడు (నెరుపు అతనికి ఎప్పుడూ అందమే, ఆమెకి మాత్రం రచయితలు ఒక్క తెల్ల వెంట్రుక కూడా ఇవ్వరు). ఆరిపోయిందనుకున్నది మళ్ళీ రాజుకుంటుంది. ఇంగ్లీషు పుస్తకాల వ్యాపారంలో దీనికి సెకండ్ చాన్స్ రొమాన్స్ అని పేరుంది, పేరు చూసే కొనుక్కునేవాళ్ళు ఉన్నారు, నేనూ అంతే.

చివరికి వాళ్ళు కలుస్తారని ముందే తెలిసిపోతుంది అని మీ వ్యాసకర్త వెక్కిరించారు. తెలిసే చదువుతామండీ. అమెరికాలో రొమాన్స్ రచయితల సంఘం ఒకటి 1980లో పెట్టారు. కథకి ప్రేమే కేంద్రం కావాలి, ముగింపు మనసుకి తృప్తిగా, ఆశగా ఉండాలి అని వాళ్ళే నిర్వచనం రాసిపెట్టుకున్నారు. అంటే కలుస్తారా లేదా అన్నది ఇక్కడ ప్రశ్నే కాదు, ఎలా కలుస్తారు అన్నదే ప్రశ్న. తిరిగొచ్చిన వాళ్ళ కథలో ఆ 'ఎలా' అంతా ఒక్కదాని మీదే నిలబడుతుంది: అసలు అప్పుడెందుకు విడిపోయారు?

సరిగ్గా అక్కడే ఈ పుస్తకాలు నన్ను మోసం చేస్తాయి. సగం పుస్తకం దాటాక పాత బీరువాలోంచి ఒక ఉత్తరం బయటపడుతుంది. అతను రాశాడు, ఆమెకి అందలేదు, తల్లో పిన్నో దాచేసింది. లేదా ఆమె ఎవరితోనో మాట్లాడుతుండగా అతను దూరం నుంచి చూసి వేరేగా అర్థం చేసుకున్నాడు. ఈ మధ్య రాస్తున్నవాటిలో ఉత్తరం బదులు డిలీట్ అయిపోయిన మెసేజ్ వస్తోంది, అంతే తేడా. ఉత్తరం దొరగ్గానే ఇద్దరూ కన్నీళ్ళు పెట్టుకుంటారు, ఎవరి తప్పూ లేదని తేలిపోతుంది, తర్వాతి అధ్యాయంలో వాన పడుతుంది, కరెంటు పోతుంది, మిగతాది మీకు తెలుసు. మరి ఆ ఉత్తరం దొరక్కపోతే? అసలు అలాంటి ఉత్తరమే లేకపోతే? అతను రాయలేదు, రాయాలనిపించలేదు, ఆమె కూడా వెనక్కి తిరిగి చూడలేదు, అలా జరిగి ఉంటే? నిజంగా మనుషులు విడిపోయేది అలాగే కదా, ఎక్కువమంది.

ఈ కిటుకు ఇవాళ్టిది కాదు. శకుంతల కథనే తీసుకోండి. భారతంలో శాపం లేదు, ఉంగరం లేదు. కొడుకుని వెంటబెట్టుకుని సభకొచ్చిన శకుంతలని దుష్యంతుడు గుర్తుపట్టే, నువ్వెవరో నాకు తెలియదన్నాడు. నన్నయ తెలుగులోనూ అంతే, లోకం ఏమంటుందోనన్న భయంతోనే తెలిసీ తెలియనట్టు ఉన్నానని ఆ తర్వాత అతనే ఒప్పుకుంటాడు. కాళిదాసు వచ్చి దూర్వాసుడి శాపం పెట్టాడు, ఉంగరాన్ని నీళ్ళలో జారవిడిచి చేప కడుపులో పడేశాడు. దాంతో రాజు పక్కా నిర్దోషి, పాపం మర్చిపోయాడంతే. నాటకం గొప్పదే, నేను కాదనను, చివరి అంకంలో అతను ఆమె కాళ్ళ మీద పడేచోట నాకూ గొంతు పట్టేస్తుంది. కానీ సభలో నిలబడి, నీకు అన్నీ తెలుసు, తెలిసే ఇలా అంటున్నావు అని నిలదీసే భారతంలోని శకుంతల ముందు ఈ ఉంగరం చాలా తేలిక. ఇన్నేళ్ళ తర్వాత కూడా మనం బీరువాల్లో దాస్తున్నది ఆ ఉంగరాన్నే.

ఇలా కాకుండా రాసినవాళ్ళు లేరా అంటే ఉన్నారు. ఇంగ్లీషు రచయిత్రి జేన్ ఆస్టిన్ చనిపోయాక 1817 చివర్లో వచ్చిన ఆవిడ నవల 'పర్‌స్యుయేషన్' చూడండి. అందులో నాయిక ఆన్ పంతొమ్మిదేళ్ళప్పుడు తల్లిలాంటి పెద్దావిడ మాట విని, ప్రేమించినవాడితో పెళ్ళి వద్దనుకుంది. ఎవరూ ఉత్తరం దాచలేదు, ఎవరూ అపార్థం చేసుకోలేదు, తానే వద్దంది. ఎనిమిదేళ్ళకి అతను తిరిగొచ్చి, ఎంత మారిపోయిందో, చూస్తే గుర్తుపట్టేవాణ్ణి కాదు అన్నాడని ఆ మాట ఆమె చెవిన పడుతుంది. ఆ కోపం నిజమైనది, దానికి కారణం ఉంది, అందుకే అది కరగడానికి పుస్తకమంతా పట్టింది. చివర్లో కూడా ఆన్, అప్పుడు ఆవిడ మాట వినడం నా వరకు సరైనదే అంటుంది చూశారూ, ఆ ఒక్క మాట కోసమే నేను రెండుసార్లు చదివాను. (ఆ నవలలోనూ ఒక ఉత్తరం ఉంది, నిజమే. కానీ అది పాతది కాదు, అప్పటికప్పుడు అదే గదిలో కూర్చుని రాసింది.)

నవలికలో అంత చోటు ఎక్కడుంది అంటారేమో. కొంత నిజమే. అమెరికాలో సైన్స్ ఫిక్షన్ కథలకి నెబ్యులా అవార్డులిచ్చేవాళ్ళ లెక్కలో నవలిక అంటే 17,500 మాటల నుంచి 40,000 లోపు. అందులో పాత ప్రేమ, మధ్యలో గడిచిన ఏళ్ళు, కొత్త ప్రేమ, మూడూ పట్టాలి, అందుకే తొందరకి ఉత్తరం పనికొస్తుంది. నన్నడిగితే ఉన్న చోటుని వాన సీన్‌కి కాస్త తగ్గించి, మధ్యలో గడిచిన ఏళ్ళకి ఇవ్వొచ్చు. ఆ పదిహేనేళ్ళు ఆమె ఏ ఉద్యోగం చేసింది, ఎవరిని ప్రేమించింది, ఏ రాత్రి ఇతని పేరు కూడా గుర్తు రాకుండా హాయిగా నిద్రపోయింది? దాని గురించి ఎవరూ రాయరు. పదిహేనేళ్ళూ డబ్బాలో పెట్టి మూత వేసినట్టు ఉంటారు ఇద్దరూ.

కోరిక గురించి కూడా ఒక మాట చెప్పాలి, ఎడిటర్ గారూ, వేస్తారో కత్తిరిస్తారో మీ ఇష్టం. ఆ సీన్లు ఉన్నాయని నాకేం ఇబ్బంది లేదు. అవి ఎవరి మీద కోరికతో రాశారన్నదే నా అనుమానం. ఆమె ముట్టుకుంటున్నది నలభై ఏళ్ళ మనిషినా, అతనిలో మిగిలి ఉన్న ఇరవై ఏళ్ళ కుర్రాణ్ణా? లేక ఆ కుర్రాడి పక్కన ఒకప్పుడు నిలబడిన తననేనా? ఇంగ్లీషువాళ్ళు బెంగకి వాడే నోస్టాల్జియా అన్న మాట 1688లో పుట్టింది, యోహానెస్ హోఫర్ అనే స్విస్ వైద్య విద్యార్థి తిరిగి ఇంటికి వెళ్ళడం, బాధ అనే రెండు గ్రీకు మాటలు కలిపి ఒక జబ్బుకి పెట్టిన పేరది. మనకి అంత కష్టం లేదు, ఊరి మీదా బెంగే, మనిషి మీదా బెంగే, ఒకే మాట. అందుకేనేమో మన రచయితలు ఆ రెంటినీ విడదీయరు. ఇంటి మీద బెంగతో వచ్చినామె ఆ బెంగనే ప్రేమనుకుని ఒక మనిషిని కౌగిలించుకుంటే, ఇల్లు అమ్ముడుపోయిన మర్నాడు వాళ్ళిద్దరి సంగతేంటి? ఆ అధ్యాయం ఎవరైనా రాస్తే నేను ముందుగా డబ్బు కట్టి మరీ కొనుక్కుంటాను.

ఇంకో మాట. మన ఆలంకారికులు అష్టవిధ నాయికలని, అంటే కావ్యాల్లో నాయికలు ఎనిమిది రకాలని చెప్పారు. భర్త దూరదేశం పోతే ఎదురుచూసే ప్రోషితభర్తృక ఉంది, పోట్లాడి పంపేసి తర్వాత బాధపడే కలహాంతరిత ఉంది, చీకట్లో ప్రియుడి దగ్గరికి బయల్దేరే అభిసారిక ఉంది. తానే వదిలేసి వెళ్ళి ఏళ్ళ తర్వాత తిరిగొచ్చిన నాయిక మాత్రం ఆ ఎనిమిదిమందిలో లేదు. ప్రవాసం ఎప్పుడూ మగాడిదే. ఇవాళ్టి నవలికలు ఆ తొమ్మిదో ఆమెని తీసుకొచ్చాయి, ఇది చిన్న విషయం కాదు, మీ వ్యాసకర్త కాలక్షేపం అని కొట్టిపారేసింది దీన్నే. ఇంత కష్టపడి తీసుకొచ్చి, ఆమె వెళ్ళిపోవడం ఆమె నిర్ణయం కాదు, ఎవరో ఉత్తరం దాచడం వల్ల జరిగింది అనేస్తే ఎలా? వెళ్ళాలనిపించి వెళ్ళాను, ఇప్పుడు రావాలనిపించి వచ్చాను, నీకు కోపముంటే ఉండనీ అని చెప్పే ఆమె నాకు కావాలి. అతనికి కూడా వెంటనే కరిగిపోని కోపం కావాలి. గ్రీకుల పాత కావ్యం ఒడిస్సీలో ఇరవై ఏళ్ళకి మొగుడు ఇల్లు చేరితే పెనెలోపి ఎగిరి మెడకి చుట్టుకోలేదు కదా, మంచం బయట వేయించమని చెప్పి పరీక్ష పెట్టింది. పాతుకుని ఉన్న ఆలివ్ చెట్టునే కోడుగా చేసి కట్టిన మంచం అది, కదలదు, ఆ సంగతి కట్టినవాడికే తెలియాలి. అలాంటి మంచం లాంటి ప్రశ్న ఒక్కటైనా అడగొద్దూ, పదిహేనేళ్ళ తర్వాత వచ్చినవాళ్ళని?

చివరగా, ఇలాంటి కథలకి మీ పేపర్లో బొమ్మలు వేసే ఆర్టిస్టు గారికి ఒక మనవి. ప్రతిసారీ సూట్‌కేసు పట్టుకుని అటు తిరిగి నిలబడిన అమ్మాయినే వేస్తున్నారు. ఈసారి ఆమెని ఇటు తిప్పండి. వీలైతే ఒకట్రెండు తెల్ల వెంట్రుకలు కూడా.

ఇట్లు,
మీ ఆదివారం పేజీని చివరి నుంచి మొదటికి చదివే ఒక పాఠకురాలు