15 ఏళ్ల 1 నెల 27 రోజుల తర్వాత ఏం జరిగింది?

సంపాదకులకు నమస్కారం.

మీ పత్రిక పిల్లల పేజీలో కొన్ని వారాలుగా చెస్‌లో అత్యున్నత హోదా పొందిన గ్రాండ్‌మాస్టర్ల విశేషాలు వేస్తున్నారు. చాలా సంతోషం. నేను ముప్పై ఏళ్లు లెక్కలు చెప్పి రిటైరైన ఉపాధ్యాయుడిని. ఇప్పుడు ఆదివారాల్లో మా వీధి పిల్లలను టోర్నమెంట్లకు తీసుకువెళుతుంటాను. మీరు వేసినవన్నీ ఆ పిల్లలు కత్తిరించి ఒక నోటుపుస్తకంలో అంటించుకున్నారు. మొన్న ఆ పుస్తకం తిరగేస్తే ఏ ముక్క చూసినా ఒకటే మాట: ఫలానావారు ఇన్నేళ్ల, ఇన్ని నెలల, ఇన్ని రోజుల వయసులో గ్రాండ్‌మాస్టర్ అయ్యారు. అక్కడితో సరి. ఆ తర్వాత వారు ఏమయ్యారో, ఏం ఆడారో, ఎన్నిసార్లు ఓడారో ఒక్క వాక్యం లేదు. ఈ రోజుల లెక్క ఇళ్లల్లో చేస్తున్న చెరుపు కళ్లారా చూశాను కాబట్టే రాస్తున్నాను.

గత నెలలో ఒక ఫంక్షన్ హాలులో రేటింగ్ (ఆట బలానికి ఇచ్చే అంకె) టోర్నమెంటు జరిగింది. పెద్దవాళ్లను లోపలికి రానివ్వరు కనుక అందరం మెట్ల మీద, చెప్పుల గుట్ట పక్కన కూర్చున్నాం. నాలుగో రౌండు మొదలైన గంటకు మా వీధి అమ్మాయి, తొమ్మిదేళ్ల పిల్ల, ఎత్తులు రాసుకునే స్కోరు షీటు పట్టుకుని బయటికి వచ్చింది. ఇరవై రెండో ఎత్తు వరకు అక్షరాలు ముత్యాల్లా ఉన్నాయి. ఇరవై మూడో ఎత్తులో ఏనుగును ఊరికే పోగొట్టుకుంది. అక్కడి నుంచి రాత గళ్లు దాటి వంకరలు పోయింది. తండ్రి ఆ కాగితం వైపు చూడనైనా లేదు. ఎన్ని రేటింగ్ పాయింట్లు పోయాయని అడిగి, ఫోనులో లెక్క చూసుకుని, ‘ఇక పన్నెండేళ్లకు మనవల్ల కాదులే’ అన్నాడు. కాసేపటికి ఆ పిల్ల నా దగ్గరికి వచ్చి కూర్చుని, ‘తాతగారూ, పన్నెండు దాటితే ఇక ఆడనివ్వరా?’ అని అడిగింది.

ఆ పన్నెండు ఎక్కడిదో నాకు తెలుసు. 2021లో అమెరికా కుర్రాడు అభిమన్యు మిశ్రా 12 ఏళ్ల 4 నెలల 25 రోజులకు గ్రాండ్‌మాస్టర్ అయ్యాడని పుస్తకంలో మొదటి పేజీలోనే అంటించి ఉంది. అతను చెరిపేసిన అతి చిన్న వయసు రికార్డు సెర్గేయ్ కర్యాకిన్‌ది, 19 ఏళ్లు నిలిచినది. ఆ కర్యాకిన్ 2016లో రష్యా తరఫున ప్రపంచ కిరీటం పోటీకి న్యూయార్క్ దాకా వెళ్లి అప్పటి చాంపియన్ కార్ల్‌సన్ చేతిలో ఓడిపోయాడు. ఆ కిరీటం అతనికి దక్కనే లేదు. ఇక మన గుకేశ్ 2019 జనవరిలో కర్యాకిన్ రికార్డును 17 రోజుల తేడాతో చేజార్చుకున్నాడు. 2024 డిసెంబరులో సింగపూర్‌లో చైనా చాంపియన్ డింగ్ లిరెన్‌ను ఓడించి 18 ఏళ్లకే ప్రపంచ చాంపియన్ అయ్యాడు. గుకేశ్ కూడా చిన్నవాడే కదా అని ఎవరైనా అనవచ్చు. నిజమే. అయితే ఆ 17 రోజుల వల్ల అతను పోగొట్టుకున్నది ఏముంది?

వరంగల్ కుర్రాడు అర్జున్ ఇరిగైసి సంగతి ఇంకా చెప్పుకోదగ్గది. 2018లో ప్రజ్ఞానంద పన్నెండేళ్లకే గ్రాండ్‌మాస్టర్ అయ్యాడని దేశమంతా మాట్లాడుకుంది. అదే ఏడాది అర్జున్‌కు ఆ హోదా వచ్చేసరికి పదిహేనేళ్లు నిండుతున్నాయి. మీ పేజీ లెక్కలో అతను వెనకబడినవాడే. కానీ 2024 డిసెంబరు ర్యాంకింగ్స్‌లో 2801 రేటింగ్‌తో నిలిచి, ఆనంద్ తర్వాత 2800 గీత దాటిన భారతీయుడు అతనే అయ్యాడు.

ఇక కోనేరు హంపి. గుడివాడ అమ్మాయి. ‘చాంపియన్’ అనే మాటలోంచి తల్లిదండ్రులు ఆ పేరు తీశారన్న ముచ్చట, 2002లో 15 ఏళ్ల 1 నెల 27 రోజులకు గ్రాండ్‌మాస్టర్ అయ్యి మహిళల్లో హంగరీకి చెందిన యూదిత్ పోల్గార్ పేరిట ఉన్న రికార్డును మూడు నెలల తేడాతో దాటారన్న ముచ్చట మీరు వేశారు. రెండూ నిజమే. కానీ ఆ రికార్డు 2008లో చైనా అమ్మాయి హౌ యీఫాన్ చేతికి పోయింది. రికార్డుతోనే ఆగితే హంపి కథ అక్కడ అయిపోవాలి. అసలు కథ అప్పటికి సగం కూడా కాలేదు. 2011లో మహిళల ప్రపంచ కిరీటం కోసం అదే హౌ యీఫాన్‌తో తలపడి ఓడిపోయారు. బిడ్డ పుట్టినప్పుడు రెండేళ్లు ఆటకు దూరంగా ఉన్నారు. తిరిగి వచ్చి 2019లో మాస్కోలో మహిళల ప్రపంచ ర్యాపిడ్ (తక్కువ సమయంలో ముగిసే ఆట) టైటిల్ గెలిచారు. 2024 డిసెంబరులో న్యూయార్క్‌లో అదే పోటీలో మొదటి రౌండే ఓడిపోయారు. అలా మొదలుపెట్టినవారు పదకొండు రౌండ్లు పూర్తయ్యేసరికి 8.5 పాయింట్లతో అందరికన్నా ముందు నిలిచి రెండోసారి చాంపియన్ అయ్యారు. అప్పటికి ఆమె వయసు 37. మెట్ల మీద కూర్చున్న ఆ పిల్లకు నేను చెప్పింది ఈ మొదటి రౌండు ఓటమి గురించే. ‘మొదటి రౌండా?’ అని రెండుసార్లు అడిగి, ఐదో రౌండుకు లోపలికి వెళ్లింది.

ద్రోణవల్లి హారిక మూడుసార్లు మహిళల ప్రపంచ చాంపియన్‌షిప్‌లో కాంస్యం దగ్గరే ఆగిపోయారు. 2022లో మామల్లపురంలో, దేశాల జట్లు తలపడే చెస్ ఒలింపియాడ్‌లో నిండు చూలాలిగా బోర్డు ముందు కూర్చుని జట్టుకు కాంస్యం తెచ్చిన వారిలో ఒకరయ్యారు. 2024లో బుడాపెస్ట్ ఒలింపియాడ్‌లో ఆమెకు ఆట కలిసిరాలేదు, దెబ్బలు తగిలాయి. చివరి రౌండులో అజర్‌బైజాన్ మీద గెలిచారు, భారత మహిళలకు స్వర్ణం వచ్చింది. పదమూడేళ్లప్పుడు మొదటి ఒలింపియాడ్ ఆడిన మనిషి ముప్పై మూడేళ్లకు అందుకున్న స్వర్ణం అది. అదే ఊళ్లో పురుషుల జట్టు కూడా స్వర్ణం గెలిచింది. అందులో మన గుంటూరు పెంటేల హరికృష్ణ ఉన్నారు. ఆయన గ్రాండ్‌మాస్టర్ అయినది 2001లో, ప్రపంచంలో తొలి పది మందిలోకి వచ్చినది 2016లో. మధ్యలోని ఆ పదిహేనేళ్లలో ఏం జరిగిందో మా పిల్లలకు ఎవరు చెబుతారు?

ఇంకొక లోటు. గ్రాండ్‌మాస్టర్ అంటే ఏమిటో మీ పేజీలో ఒక్కసారీ రాయలేదు. సాధారణంగా 2500 రేటింగ్ చేరాలి, మూడు నార్మ్‌లు (ఒక టోర్నమెంటులో ఆ స్థాయిలో ఆడినట్టు గుర్తింపులు) సాధించాలి. ఒక్కో నార్మ్‌కు కనీసం తొమ్మిది గేములు, 2600 స్థాయికి తగ్గని ఆట, ఎదురుగా గ్రాండ్‌మాస్టర్లు, విదేశీ ఆటగాళ్లు ఉండాలి. అందుకే మన పిల్లలు సూట్‌కేసులు సర్దుకుని యూరప్ పోతారు. హంపి కూడా చివరి నార్మ్ బుడాపెస్ట్‌లోనే సాధించారు. దీనికి పెట్టుబడి ఎంతవుతుందో తెలిస్తే, పన్నెండేళ్లలోపు అయిపోవాలని పిల్లల మీద పడే తండ్రులు కాస్త నిదానిస్తారు. ఈ దారి కాకుండా ఇంకొక దారి కూడా ఉంది. 2025లో జార్జియాలోని బటూమిలో మహిళల ప్రపంచ కప్ ఫైనల్లో హంపిని ఓడించిన దివ్య దేశ్‌ముఖ్ ఆ టోర్నీకి వచ్చేటప్పటికి ఆమెకు ఒక్క గ్రాండ్‌మాస్టర్ నార్మ్ కూడా లేదు. కప్పు గెలిచినందుకే హోదా ఇచ్చారు. అప్పటికి ఆమెకు 19 ఏళ్లు. ఇంత మంచి విశేషం మీ పేజీకి ఎందుకు పనికిరాలేదో నాకు అర్థం కాలేదు.

నా విన్నపం చిన్నది. వయసులు వేయవద్దని అనను. వాటి కింద ఆ మనిషి ఓడిన పోటీ ఒకటి, తిరిగి గెలిచిన పోటీ ఒకటి, రెండింటికీ సంవత్సరాలతో సహా వేయండి. వీలైతే వారానికి ఒక గేము పూర్తి ఎత్తులతో, బొమ్మతో, తెలుగులో వివరణతో ఇవ్వండి. పిల్లలు బోర్డు ముందు పెట్టుకుని ఆడి చూసుకుంటారు. మొదటి వారం హంపి న్యూయార్క్‌లో ఓడిన ఆ మొదటి రౌండు గేమే వేస్తే మేలు. అచ్చుకు ముందు ఎత్తులు సరిచూడడానికి మనిషి కావాలంటే నేను వస్తాను. డబ్బు అక్కర్లేదు, ప్రూఫు ఒకరోజు ముందు పంపితే చాలు.

ఇట్లు,
ఒక విశ్రాంత గణిత ఉపాధ్యాయుడు,
తెనాలి