ద్విపద పాదాల లెక్క: నాయనకు ఉత్తరం

బాన్, జర్మనీ
నవంబరు 12

పూజ్యులైన నాయనకు నమస్కరించి రాయునది.

నేను ఇక్కడ క్షేమం. మీరు, అమ్మ, చెల్లెలు కందుకూరులో క్షేమంగా ఉన్నారని తలుస్తాను. పోయిన ఆదివారం ఫోనులో మీరు "ఇంతకూ అక్కడ ఏం చదువుతున్నావురా?" అని అడిగినప్పుడు సరిగా చెప్పలేకపోయాను. అది కాగితం మీద పద్యం అక్షరాలకు గురువు (U), లఘువు (I) గుర్తులు వేసి చూపవలసిన సంగతి. అందుకే ఈ ఉత్తరం.

ఈ విడతలో నేను చదువుతున్నది లెక్కించే పద్ధతుల గురించి. ఎన్ని విధాలుగా అమర్చవచ్చు, ఎన్ని విధాలుగా ఎంచుకోవచ్చు అన్నవే అందులోని ప్రశ్నలు. ఇంటర్మీడియెట్‌లో దీన్నే ప్రస్తారాలు, సంయోగాలు అన్న పేరుతో చదివాను. సూత్రం గుర్తుపెట్టుకొని నిమిషంలోపు బిట్టుకు జవాబు గుర్తించడమే చదువనుకున్నాను, మార్కులూ బాగానే వచ్చాయి. ఇక్కడ జవాబు ఒక్కటే రాస్తే చాలదు, అది ఎందుకు సరైనదో చూపే నిరూపణ ఉండాలి.

నెల క్రితం మా అధ్యాపకురాలు, ప్రతి విద్యార్థీ తన భాషలో నుంచో తన ఊరి ఆటల్లో నుంచో ఒక లెక్కింపు సమస్యను తెచ్చి నిరూపణతో సహా రాసి ఇవ్వాలన్నారు. నాకు వెంటనే మన వసారాలో మార్కాపురం పలక మీద మీరు గణవిభజన చేసి చూపిన ద్విపద గుర్తుకు వచ్చింది. పాదానికి మూడు ఇంద్రగణాలు, ఒక సూర్యగణం. ఇంద్రగణాలు ఆరు: నల (IIII), నగ (IIIU), సల (IIUI), భ (UII), ర (UIU), త (UUI). సూర్యగణాలు రెండు: న (III), హ (UI). కనుక ఒక ద్విపద పాదంలో గురులఘువులు 6 × 6 × 6 × 2, అంటే 432 విధాలుగా రావచ్చునని రాశాను. 848 నాటి పండరంగని అద్దంకి శాసనంలోని తరువోజ పాదం రెండు ద్విపద పాదాలు కలిసినదే కాబట్టి దానికి 432 ను 432 తో గుణించి 1,86,624 అని కూడా చేర్చి, సంతోషంగా ఇచ్చి వచ్చాను.

కాగితం తిరిగి వచ్చినప్పుడు 432 కింద ఒకే ప్రశ్న ఉంది: రెండు వేర్వేరు గణాల వరుసలు విడదీయక ముందు ఒకే గురులఘు క్రమంగా కనబడవని ఎలా తెలుసు? నాయనా, ఆ ప్రశ్న నన్ను రెండు రోజులు నిద్రపోనివ్వలేదు. నేను లెక్కించింది గణాల ఎంపికలను, అడిగింది గురులఘువుల క్రమాలను. ఒకే క్రమాన్ని రెండు రకాలుగా విడగొట్టే వీలుంటే, నేను దాన్ని రెండుసార్లు లెక్కించినట్టే. అలాంటప్పుడు 432 తప్పు.

చివరకు జవాబు మీ పలక మీదనే దొరికింది. ఆరు ఇంద్రగణాలనూ ఒకదాని కింద ఒకటి రాసి చూడండి. గురువుతో మొదలయ్యే భ, ర, త మూడింటికీ మూడేసి అక్షరాలు. లఘువుతో మొదలయ్యే నల, నగ, సల మూడింటికీ నాలుగేసి అక్షరాలు. అంటే గణంలోని మొదటి అక్షరమే ఆ గణం ఎక్కడ ముగుస్తుందో చెప్పేస్తుంది. సూర్యగణంలోనూ అంతే: మొదట లఘువైతే మూడక్షరాల న, గురువైతే రెండక్షరాల హ. కాబట్టి ద్విపద పాదాన్ని ఎడమ నుంచి చదువుతూ పోతే మొదటి గీత ఎక్కడ పడాలో తప్పనిసరి, దాని తరువాత రెండవదీ తప్పనిసరి, మూడవదీ అంతే. విడగొట్టడానికి రెండవ దారి లేదు. కనుక 432 వరుసలకు 432 వేర్వేరు క్రమాలు, ఒకటి ఎక్కువా కాదు, తక్కువా కాదు. తరువోజ లెక్కా ఇదే కారణం మీద నిలుస్తుంది. మీరు పద్యం వింటూనే కాగితం చూడకుండా గణాలు విడదీసేవారు. అది అభ్యాసం వల్ల వచ్చిన నేర్పు అనుకునేవాడిని. గణాల అమరికలోనే అందుకు వీలుందని ఇప్పుడు అర్థమైంది.

ఈ వాదం ఎక్కడ నిలవదో కూడా చూడాలి కదా. ఆటవెలది బేసి పాదంలో మూడు సూర్యగణాలు, రెండు ఇంద్రగణాలు: 2 × 2 × 2 × 6 × 6, అంటే 288. తేటగీతి పాదంలో ఒక సూర్యుడు, ఇద్దరు ఇంద్రులు, మళ్ళీ ఇద్దరు సూర్యులు: అదీ 288. ఈ రెండింటిలో ఏదో ఒకదానికి సరిపోయే క్రమాలు మొత్తం ఎన్ని అంటే, 576 అనేయబోయి ఆగాను. ఇక్కడ రెండవ స్థానంలో ఒకచోట సూర్యగణం, మరొకచోట ఇంద్రగణం. లఘువు కనబడితే మూడక్షరాలు తీసుకోవాలో నాలుగు తీసుకోవాలో తెలియదు. గీత జారే అవకాశం ఉంది. వెతికితే అలా జారిన పాదం నిజంగానే దొరికింది: ఆరు లఘువులు, ఒక గురువు, ఏడు లఘువులు, ఒక గురువు, ఒక లఘువు, మొత్తం పదహారు అక్షరాలు. దాన్ని న, న, హ, నల, సల అని విడగొడితే ఆటవెలది బేసి పాదం. న, నగ, నల, న, హ అని విడగొడితే తేటగీతి. రెండింటిలోనూ ఉన్న క్రమాలను ఒక్కసారి తీసివేయకుండా 576 అంటే అది ఎక్కువ లెక్క.

చిన్నప్పుడు మీరు నేర్పిన ఉద్దిష్టం, అంటే ఒక వృత్తం వరుసలో ఎన్నవదో కనుక్కునే పద్ధతి, కూడా ఇప్పుడు మళ్ళీ చేసి చూశాను. ఉత్పలమాల పాదంలోని ఇరవై అక్షరాల మీద 1, 2, 4, 8 అంటూ రెట్టింపు చేసుకుంటూ రాసి, లఘువుల మీద ఉన్న అంకెలన్నీ కూడి ఒకటి కలిపితే 3,55,799 వస్తుంది. ఇరవై అక్షరాల కృతి ఛందంలోని 10,48,576 వృత్తాల్లో ఉత్పలమాల స్థానం అది. అప్పుడు నాకు అదొక అద్భుతంగా తోచింది, కానీ రెండు వృత్తాలకు ఒకే సంఖ్య ఎందుకు రాదని నేను ఎన్నడూ అడగలేదు. కారణం చిన్నదే. రెట్టింపు వరుసలో ఏ అంకె తీసుకున్నా, దాని ముందున్నవన్నీ కూడినా దానికి ఒకటి తక్కువే అవుతుంది: 1, 2, 4 కలిపితే 7, తరువాతిది 8. రెండు వృత్తాలు చివరిసారిగా తేడా పడే అక్షరం దగ్గర నిలబడితే, అక్కడ లఘువు ఉన్న వృత్తానికి వచ్చిన అంకెను రెండవది ముందున్న అక్షరాలన్నిటితో కలిపినా అందుకోలేదు. అందువల్ల సంఖ్య నుంచి వృత్తాన్ని తిరిగి రాబట్టే నష్టం కూడా ఎన్నడూ తప్పదు. పింగళుని ఛందశ్శాస్త్రంలో ఈ రెండూ ఉన్నాయని మీరు చెప్పిన మాట నాకు గుర్తుంది. ఇంటర్మీడియెట్ పుస్తకంలోని "ప్రస్తారం", గురులఘు క్రమాలన్నీ వరుసగా రాయడానికి మీరు పలక మీద వాడిన మాటేనని నాకు అప్పట్లో తట్టలేదు, మా అధ్యాపకులెవరూ చెప్పనూ లేదు. తెలుగు పండితుడూ లెక్కల మాస్టారూ ఒకే బడిలో పక్కపక్క గదుల్లో పాఠం చెబుతూ ఈ ఒక్క మాట దగ్గర కలవకపోవడం నాకు బాధగా ఉంది. చెల్లెలు ఈ ఏడు ఆ అధ్యాయం చదువుతుంది కాబట్టి దాని చేత ముందు పలక పట్టించండి. మూడక్షరాల ఎనిమిది గణాలను గురువుల సంఖ్యను బట్టి వేరు చేయమంటే, నగణం ఒకటి, భ జ స లు మూడు, య ర త లు మూడు, మగణం ఒకటి అని అదే చెబుతుంది. లెక్కల్లోని ద్విపద గుణకాలు (binomial coefficients) 1, 3, 3, 1 దానికి అక్కడే కనబడతాయి, సూత్రం ఆ తరువాత నేర్చుకోవచ్చు.

నిరూపణ తిరిగి రాసి ఇచ్చాను, అంగీకరించారు. ఇప్పుడు మీరు మాత్రమే తీర్చగల సందేహం ఒకటి మిగిలింది. పైన చెప్పిన పదహారు అక్షరాల పాదానికి గణాలు రెండు విధాలా కుదిరినా, యతి, అంటే పాదం మొదటి అక్షరంతో మైత్రి కుదరవలసిన చోటు, వేరు. ఆటవెలదిగా చదివితే నాల్గవ గణం తొమ్మిదవ అక్షరంతో మొదలవుతుంది, తేటగీతిగా చదివితే పన్నెండవ అక్షరంతో. మొదటి అక్షరానికి ఆ రెండు చోట్లా యతి చెల్లేటట్టు, అర్థవంతంగా ఒక్క పాదం రాయగలరా? అన్ని లఘువులు వరుసగా పడటం కష్టమని తెలుసు. రాసిన తరువాత అమ్మకు రెండు విధాలా చదివి వినిపించి, ఏది ఆటవెలదో ఏది తేటగీతో ఆమె చెవికి తెలిసిందా లేదా అన్నది కూడా నాకు రాయండి.

ఇట్లు,
మీ కుమారుడు