ఫ్రాంక్ బర్క్ రెండూ ఆడాడు

చిట్టితల్లీ,

అక్కడ నువ్వు బాగున్నావని తలుస్తున్నాను. పడమటి తీరాన మీ కానమారా వైపు రోజూ వానేనని వార్తల్లో చెప్తున్నారు. తడిసిన బూట్లలో పాత పేపర్ కుక్కి పెట్టు, పొద్దుటికల్లా ఆరిపోతాయి. ఆవకాయ సీసా బ్యాగులో అడుగున, టవల్లో చుట్టి ఉంది. మీకు బస ఇచ్చిన ఇంటావిడ, మీ బాన్ ఎ టీ గారికి కూడా రుచి చూపించు, కారమని మాత్రం ముందే చెప్పు. అమ్మా తమ్ముడూ కులాసా. ఐరిష్ కాలేజీలో, ఆ వేసవి భాషా శిబిరంలో, మీ ఫోన్లు తీసేసుకోవడం ఒకరకంగా మంచిదే అయింది. ఈ విషయం ఫోన్లో నాలుగు ముక్కల్లో తేలేది కాదు.

బస్సెక్కే ముందు అడిగావు కదా, "నాన్నా, కమోగీ మానేయనా, ఫుట్‌బాల్ మానేయనా?" అని. కర్రతో ఆడే కమోగీ, అంటే ఆడవాళ్ల హర్లింగ్, ఒకవైపు, గేలిక్ ఫుట్‌బాల్ ఇంకోవైపు. సెప్టెంబరుకల్లా ఏదో ఒకటి తేల్చుకోమన్నారని చెప్పావు. నీ వెనక పెద్ద క్యూ ఉంది, డ్రైవర్ తొందరపెడుతున్నాడు, నేను తల మాత్రం ఊపాను. నా జవాబు ఇది: ఏదీ మానొద్దు. కనీసం ఈ ఏడాది మానొద్దు. ఇది గారాబంతో అంటున్న మాట కాదు. నీకు ఒక మనిషి గురించి చెప్పాలి. ఫ్రాంక్ బర్క్. ఐరిష్‌లో ఫియర్గస్ డి బుర్కా. హర్లింగ్‌లో రెండు, ఫుట్‌బాల్‌లో మూడు, మొత్తం ఐదు ఆల్ ఐర్లండ్ మెడల్స్, అంటే దేశ ఛాంపియన్ మెడల్స్, డబ్లిన్ జట్ల తరఫున గెలిచిన మనిషి. మీ క్లబ్‌లో పెద్దవాళ్లకు తెలిసే ఉంటుంది, పిల్లలు ఆ పేరు ఎత్తగా మాత్రం నేనెప్పుడూ వినలేదు.

మొన్న తాతయ్య ఫోన్ చేసి "మనవరాలు ఆడే ఆ కర్ర ఆటేమిటిరా?" అని మళ్ళీ అడిగారు. నీ హర్లీ తీసి వీడియో కాల్‌లో చూపించాను. యాష్ చెట్టు మొదలు దగ్గర, కాండం వేరులోకి తిరిగే చోట కోసిన చెక్క కదా, అందుకే గీతలు పిడిలోంచి తిన్నగా వచ్చి, చివర వెడల్పయ్యే చోట ఆ వంపుతోపాటే వంగాయి. ఎక్కడా తెగలేదు. చివర రేకు పట్టీ కొంచెం లేచింది, సరిచేయించాను. తాతయ్య చాలాసేపు చూసి, "ఇది మన కర్రాబిళ్ళ ఆటకి పెద్దన్నలా ఉందే" అన్నారు. బంతి క్రాస్‌బార్ కింద నుంచి పోతే గోల్, అంటే మూడు పాయింట్లు, పైనుంచి పోతే ఒకటి, ఫుట్‌బాల్‌లో కూడా గోల్‌కి మూడే అని చెప్పాను. ఈ ఆటలో ఎవరికీ జీతాలు ఉండవు, ఎనభై వేలమంది చూస్తున్న ఫైనల్ ఆడినవాడు కూడా సోమవారం పొద్దున ఉద్యోగానికి పోతాడు అంటే మాత్రం ఆయన నమ్మలేదు. నువ్వు వచ్చాక నీ నోటితో చెప్పు.

ఇక బర్క్ సంగతి. ఆయన డబ్లిన్ మనిషి కాదు. 1895లో కిల్డేర్ కౌంటీలో, కార్బరీ అనే చోట పుట్టాడు. ర్యాత్‌ఫార్నమ్‌లోని సెయింట్ ఎండాస్ బడిలో చదివాడు. మనం పిక్నిక్‌కి వెళ్లిన పార్కే అది, ఆ పెద్ద ఇల్లు ఇప్పుడు పియర్స్ మ్యూజియం. ఐర్లండ్ స్వాతంత్ర్యం కోసం నిలబడ్డ పాట్రిక్ పియర్స్ 1908లో బడి మొదలుపెట్టింది రానెలాలో, రెండేళ్లకు ఇక్కడికి మార్చాడు. ఐరిష్, ఇంగ్లిష్ రెండు భాషల్లోనూ పాఠాలు. తోట పని, నాటకాలు, హర్లింగ్ అన్నీ చదువులో భాగమే. నీకు నచ్చే ముచ్చట ఒకటుంది. 1913లో ఆ బడికి డబ్బు సాయం చేయడానికి అబ్బే థియేటర్‌లో రెండు నాటకాలు వేస్తే, ఒకటి పియర్స్ రాసింది, రెండోది మన రవీంద్రనాథ్ ఠాగూర్‌ది. ఠాగూర్‌కి నోబెల్ వచ్చింది ఆ తరవాత కొన్ని నెలలకు.

బర్క్ బడి చదువు అయ్యాక యూసీడీలో, అంటే యూనివర్సిటీ కాలేజ్ డబ్లిన్‌లో చేరాడు. యూనివర్సిటీకి వెళ్తూనే సెయింట్ ఎండాస్‌లో ఉండే పాత విద్యార్థులు కొందరుండేవారు, వాళ్లలో ఈయన ఒకడు. 1916 ఈస్టర్ సోమవారం పియర్స్ వెంట బ్రిటిష్ పాలన మీద తిరుగుబాటుకి కదిలింది ఆ కుర్రాళ్లే. బర్క్ జీపీఓలో, అంటే తిరుగుబాటుదారులు పట్టుకున్న డబ్లిన్ పెద్ద పోస్టాఫీసులో ఉన్నాడు. వారం తిరక్కుండానే లొంగిపోవాల్సి వచ్చింది. మే 3న పియర్స్‌ని, మరునాడు ఆయన తమ్ముడు విల్లీని కిల్‌మైనమ్ జైల్లో కాల్చి చంపారు. బర్క్‌ని మిగతా ఖైదీలతోపాటు బ్రిటన్‌కు తరలించి నిర్బంధించారు. అప్పటికి ఆయనకు ఇరవై ఒక్క ఏళ్లకు అటూఇటూ. మాస్టారు పోయాడు, బడి మూతపడింది, చదువు మధ్యలో ఉంది.

ఆ మరుసటి ఏడాది, 1917 అక్టోబరు 28న, డబ్లిన్ హర్లింగ్ జట్టు ఫైనల్లో టిప్పరరీని 5-4, 4-2తో ఓడించింది (స్కోరులో ముందు అంకె గోల్స్, రెండోది పాయింట్లు). ఫ్రాంక్ బర్క్ మొదటి మెడల్ అది. డబ్లిన్ పేరున ఆడింది కాలేజియన్స్, అంటే యూసీడీ వాళ్ల క్లబ్. ఆ రోజుల్లో డబ్లిన్ హర్లింగ్ జట్టులో పుట్టుకతో డబ్లిన్ వాళ్లు తక్కువ. చదువుకోడానికో ఉద్యోగానికో పల్లెల నుంచి వచ్చినవాళ్లే ఎక్కువ. ఇప్పటిదాకా డబ్లిన్ హర్లింగ్‌లో గెలిచిన ఆల్ ఐర్లండ్‌లు ఆరే, 1938 తరవాత ఒక్కటీ లేదు. ఆ ఆరింటిలో రెండింట్లో కిల్డేర్ నుంచి వచ్చిన ఈ మనిషి ఉన్నాడు. పోయినసారి మ్యాచ్ దగ్గర ఒకావిడ నిన్ను "అసలు ఏ ఊరమ్మాయివి?" అని రెండుసార్లు అడిగినప్పుడు నీ ముఖం చిన్నబోయింది, నేను చూశాను. ఈసారి ఎవరైనా అడిగితే డబ్లిన్ అని చెప్పు. డబ్లిన్ జెర్సీ గౌరవం పెంచింది చాలావరకు బయటి ఊళ్లవాళ్లే.

తరవాతిది చెప్పడం కష్టం. నీకు పదిహేనేళ్లు వచ్చాయి, తెలుసుకోవచ్చు.

1920 నవంబరు 21, ఆదివారం. పొద్దున స్వాతంత్ర్య పోరాట నాయకుడు మైకేల్ కాలిన్స్ మనుషులు నగరంలో బ్రిటిష్ గూఢచారి అధికారులను కాల్చి చంపారు. ఊరంతా భయం. అయినా క్రోక్ పార్క్ స్టేడియంలో మధ్యాహ్నం డబ్లిన్, టిప్పరరీ ఫుట్‌బాల్ మ్యాచ్ జరిగింది, వేలమంది వచ్చారు. టికెట్ డబ్బు జైళ్లలో ఉన్నవాళ్ల కుటుంబాలకు. డబ్లిన్ ఫార్వర్డ్ బర్క్. ఆయన్ని మార్క్ చేస్తున్నది, అంటే వెన్నంటి ఉండి అడ్డుకుంటున్నది, టిప్పరరీలో గ్రేంజ్‌మాక్లర్ అనే ఊరి యువకుడు మైకేల్ హోగన్. ఆట మొదలైన కాసేపటికే పోలీసులు, వాళ్లకు తోడుగా బ్రిటన్ దింపిన బ్లాక్ అండ్ టాన్స్ దళం గ్రౌండ్‌లోకి చొరబడి జనం మీద కాల్పులు మొదలుపెట్టారు. తొంభై సెకన్లు. అంతే. బంతి కోసం ఒకరినొకరు భుజాలతో తోసుకుంటున్న బర్క్, హోగన్ పక్కపక్కనే నేలకు కరుచుకుని పడుకున్నారు. తరవాత గ్రౌండ్ అంచు వైపు పాకారు. అక్కడే హోగన్‌కి తూటా తగిలింది. దగ్గరికెళ్లి ఆయన చెవిలో ప్రార్థన చెప్తున్న వెక్స్‌ఫర్డ్ మనిషి టామ్ రయన్‌ని కూడా కాల్చారు. మొత్తం పద్నాలుగుమంది పోయారు. వాళ్లలో పదేళ్లవాడు జెరోమ్ ఓలేరీ, పదకొండేళ్లవాడు విలియమ్ రాబిన్సన్ ఉన్నారు. పెళ్లికి కొద్దిరోజులే ఉన్న జేన్ బాయిల్ ఉంది. ఆటగాళ్లలో చనిపోయింది హోగన్ ఒక్కడే. మనం కూర్చునే హోగన్ స్టాండ్ ఆయన పేరే.

నీకు గుర్తుందో లేదో, 2020లో కోవిడ్ అప్పుడు ఖాళీ క్రోక్ పార్క్‌లో, జనం నిలబడి చూసే హిల్ 16 మెట్ల మీద, పద్నాలుగు దివిటీలు వెలిగించారు. టీవీలో చూస్తూ "జనం లేకుండా ఎందుకు వెలిగిస్తున్నారు?" అని అడిగావు. మరునాడే టిప్పరరీ వాళ్లు గ్రేంజ్‌మాక్లర్ రంగులు, పచ్చా తెలుపూ, వేసుకుని ఆడి మన్‌స్టర్ ప్రాంతపు ఫుట్‌బాల్ టైటిల్ గెలిచారు, 1935 తరవాత మొదటిసారి. ఆ ఏడాది సెమీఫైనల్స్‌కి చేరిన నాలుగు జట్లు కూడా 1920లో చేరినవే. డబ్లిన్, మేయో, కావన్, టిప్పరరీ.

ఆ ఆదివారం తరవాత ఎవరైనా గ్రౌండ్ వైపు చూడకుండా ఉంటే తప్పు పట్టగలమా? బర్క్ తిరిగి వచ్చాడు. అందుకే నేను ఆయన్ని ఇంతగా గౌరవిస్తున్నాను. స్వాతంత్ర్య యుద్ధం వల్ల పోటీలన్నీ వెనకబడ్డాయి. 1920 హర్లింగ్ ఫైనల్ చివరికి 1922 మే 14న జరిగింది. డబ్లిన్ 4-9, కార్క్ 4-3. రెండో హర్లింగ్ మెడల్. నాలుగు వారాలకు, జూన్ 11న, 1920 ఫుట్‌బాల్ ఫైనల్. ఆడింది ఎవరెవరో చూడు, డబ్లిన్, టిప్పరరీ! అవే రెండు కౌంటీలు, అదే క్రోక్ పార్క్. ఈసారి టిప్పరరీ 1-6, 1-2తో గెలిచింది. హోగన్ ఊళ్లో ఆ రాత్రి ఎలా ఉండి ఉంటుందో అని చాలాసార్లు అనుకుంటాను. అది జరిగిన రెండున్నర వారాలకే డబ్లిన్‌లో ఫోర్ కోర్ట్స్ అనే న్యాయస్థాన భవనం మీద ఫిరంగులు పేలి అంతర్యుద్ధం మొదలైంది. మళ్ళీ పోటీలు ఆగాయి, మళ్ళీ మొదలయ్యాయి. 1921 ఫుట్‌బాల్ ఫైనల్ 1923 జూన్‌లో మేయో మీద, 1922ది అదే అక్టోబరులో గాల్వే మీద, 1923ది 1924 సెప్టెంబరులో కెర్రీ మీద డబ్లిన్ గెలిచింది. అంటే ఆయన ఐదు మెడల్స్‌లో నాలుగు రెండున్నరేళ్లలోపే వచ్చాయి, ఒకటి కర్రతో, మూడు బంతితో. ఈ మధ్యలోనే ఆయన ఆ ర్యాత్‌ఫార్నమ్ బడిలో పాఠాలు చెప్తున్నాడు. పియర్స్ తల్లి మళ్ళీ తెరిపించిన ఆ బడికి తరవాత హెడ్‌మాస్టర్ అయ్యి, డబ్బు చాలక 1935లో మూతపడేదాకా నడిపాడు. 1987లో, తొంభై దాటాక పోయాడు.

అప్పుడు వేరు, ఇప్పుడు వేరు అంటావు. ఒప్పుకుంటాను. ఇప్పుడు కౌంటీ జట్టులోకి వెళ్తే ఒక ఆటకే వారమంతా సరిపోదు. ఒకే ఏడాది రెండు ఆటల్లోనూ ఆల్ ఐర్లండ్ ఆడి గెలిచిన మగవాడు ఒక్కడే, కార్క్‌కి చెందిన టెడ్డీ మెకార్తీ, 1990లో. కానీ ఆడపిల్లల దగ్గరికి వస్తే రీనా బక్లీ ఉంది కదా, నీ గదిలో గోడ మీదే ఉంది. ఫుట్‌బాల్‌లో పదకొండు ఆల్ ఐర్లండ్‌లు, కమోగీలో ఏడు. రెండిటికీ కార్క్ కెప్టెన్. ఆమెను ఎవరైనా పదిహేనో ఏట ఒకటి వదిలేయమని ఉంటే?

నీకు ఇప్పుడు వచ్చేది ట్రాన్సిషన్ ఇయర్. జూనియర్ సర్ట్ పరీక్ష అయిపోయింది, బడి చివరి పరీక్ష లీవింగ్ సర్ట్‌కి ఇంకా టైముంది. రెండూ ఆడి చూడడానికి ఇంతకన్నా వెసులుబాటు ఉన్న ఏడాది రాదు. హైదరాబాద్ నుంచి పెద్దమ్మ "ఆటలు కూడు పెడతాయా" అంటుంది, ఆవిడకి నేను చెప్పుకుంటాను. కోచ్‌లిద్దరితోనూ కూడా, ఒకరి తరవాత ఒకరితో కాకుండా ఒకేసారి కూర్చోబెట్టి మాట్లాడతాను. వాళ్లు మంచివాళ్లు, ఇద్దరికీ నువ్వు కావాలి, చిక్కంతా అక్కడే. నా తరఫున షరతులు కొన్ని ఉన్నాయి. వరస రోజుల్లో రెండు మ్యాచ్‌లు వద్దు. వారంలో ఒక రోజు అసలు ఏ ట్రైనింగూ ఉండకూడదు. నీ వయసు ఆడపిల్లల్లో మోకాలి లిగమెంట్ తెగడం మగపిల్లల కన్నా ఎక్కువ, అందుకని ఆ వార్మప్ వ్యాయామాలు ఒక్కరోజు కూడా ఎగ్గొట్టకూడదు. మోకాలు నొప్పి అనిపిస్తే దాచకుండా అమ్మకి చెప్పాలి.

ఏడాది తిరిగాక నీ మనసే ఒకవైపు లాగితే రెండోది వదిలెయ్యి, నేను ఒక్క మాట అనను. ఎవరో గడువు పెట్టారని మాత్రం ఒద్దు. నీకు రెండూ ఇష్టమని నాకు తెలుసు. ఫుట్‌బాల్ ఓడిన రోజు ఏడుస్తావు, కమోగీ ఓడిన రోజు అసలు మాట్లాడవు. ఇంట్లో అందరం చూస్తున్నదే.

నువ్వొచ్చిన వారాంతం మ్యూజియంకి వెళ్దాం, ఈసారి పార్కులో ఆగిపోకుండా లోపలికి. హెల్మెట్ స్ట్రాప్ వదులైందని చెప్పావుగా, కొత్తది తెచ్చి పెట్టాను. పంపిన డబ్బు షాపులో చాక్లెట్లకే ఖర్చు పెట్టేయకుండా తమ్ముడికి ఏదన్నా కొను, వాడు రోజూ అడుగుతున్నాడు. వీలైతే జవాబు ఐరిష్‌లో ఒక పేరా, తెలుగులో ఒక పేరా రాయి. ఐరిష్‌ది తమ్ముడి చేత చదివిస్తాను, తెలుగుది తాతయ్యకి పంపిస్తాను.

ప్రేమతో,
నాన్న