ముఠాల తరవాతే ఆ సినిమాలు

సంపాదకులు గారికి,

జపాన్ బైకు ముఠాల సినిమాలపై మీ ఆదివారం అనుబంధంలో వచ్చిన వ్యాసం ఆసక్తిగా చదివాను. అయితే 1970లలో తోయీ, నిక్కత్సు అనే సినిమా స్టూడియోలు చవకగా చుట్టేసిన చిత్రాలే అక్కడి కుర్రకారును రోడ్లమీదికి ఉసిగొల్పాయన్న వ్యాసకర్త వాదన కాలక్రమం ముందు నిలవదు. రాత్రిళ్లు బైకులతో హోరెత్తించే కుర్రాళ్లను జపాన్‌లో 1950లలోనే 'కమినారి జోకు', అంటే పిడుగుల తెగ, అన్నారు. తెరువో ఇషీ దర్శకత్వంలో తోయీ తరవాత 'బోసోజోకు' అనిపించుకున్న ఈ బైకు ముఠాలపై చిత్రాలు మొదలుపెట్టింది 1975లో. పోలీసు లెక్కల్లో ముఠా సభ్యులు 42 వేలు దాటి గరిష్ఠ స్థాయికి చేరింది 1982లో. అప్పటికి ఆ చిత్రాల జోరు తగ్గి చాలా ఏళ్లయింది.

ఆ చిత్రాలు పుట్టడానికి అసలు కారణం స్టూడియోల ఖాతా పుస్తకాల్లో ఉంది. 1958లో 112 కోట్లకు పైగా టికెట్లు తెగిన దేశంలో, టీవీ ఇంటింటికీ చేరాక, 1970 నాటికి ఆ సంఖ్య పాతిక కోట్లకు పడిపోయింది. 1971లో దయేయి అనే మరో స్టూడియో దివాలా తీసింది, నిక్కత్సు శృంగార చిత్రాల బాట పట్టింది. తన్నులాటలు, కొంత నగ్నత్వం ఉంటే చాలు, మిగతాది మీ ఇష్టమన్నట్టు దర్శకులకు పని అప్పగించిన కాలమది.

ఆ 'మిగతాది' గురించి వ్యాసకర్త ఒక్క మాటైనా రాయలేదు. యసుహారు హసెబె 1970లో తీసిన 'స్ట్రే క్యాట్ రాక్' వరుసలోని మూడో చిత్రంలో, జీపుల్లో తిరిగే మగవాళ్ల ముఠా మిశ్రమ సంతతి యువకులను వెంటాడి కొడుతుంది. వెడల్పాటి నల్ల టోపీతో నటి మెయికో కాజీ ఆ ముఠాకు ఎదురు నిలుస్తుంది. అమెరికా సైనిక స్థావరాలు మిగిల్చిన కసిని అంత సూటిగా చూపిన పెద్ద చిత్రాలు నేనెరిగినంతలో తక్కువ. అలాగని వీటిని స్త్రీల తిరుగుబాటుగా కీర్తించడమూ నాకు మింగుడుపడదు. నొరిఫుమి సుజుకి 1972 నాటి చిత్రంలో టోక్యోలోని షింజుకు నుంచి క్యోటోకు బైకులపై వెళ్లే అమ్మాయిల ధైర్యం నిజమే కాని, కెమెరా చూపు మాత్రం టికెట్టు కొన్న మగవాడిదే.

ముఠాల నిజ స్వరూపం కావాలనుకునేవారికి మిత్సువో యనగిమాచి 1976లో బ్లాక్ ఎంపరర్ అనే బైకు ముఠాతో కలిసి తిరిగి తీసిన నలుపు తెలుపు డాక్యుమెంటరీ ఉంది. అందులో వీరులు లేరు. ముఠా సమావేశాల్లో వాదులాడుకునే, ఇంట్లో తల్లిదండ్రుల చేత మాటలు పడే కుర్రాళ్లు ఉన్నారు. అంత పెద్ద వ్యాసంలో ఆ చిత్రం ఊసే లేకపోవడం లోటు.

ఇట్లు,
ఒక పాఠకుడు, గుంటూరు