సుల్తాన్ బజార్ నడకకు గేట్లు తెరిపించండి: పర్యాటక, సాంస్కృతిక శాఖల మంత్రి గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన తెలంగాణ రాష్ట్ర పర్యాటక, సాంస్కృతిక శాఖల మంత్రి గారికి నమస్కారాలతో,

హైదరాబాదులో వారసత్వ నడక అనగానే అందరికీ తోచేది చార్మినార్, లాడ్ బజార్, చౌమహల్లా దారి. ఆ దారికి ఆ గౌరవం దక్కవలసిందే. 1591 నాటి కట్టడాన్నీ, దాని నీడలో నేటికీ లక్క గాజులు చేసి అమ్ముతున్న బజారునూ ఒక్క పూటలో కాలినడకన చూడగలిగే అదృష్టం దేశంలో ఎన్ని నగరాలకు ఉంది? అయితే నయాపూల్ దాటి మూసీకి ఇవతలి ఒడ్డుకు వస్తే, కొద్ది దూరంలోనే కోఠి, సుల్తాన్ బజార్ వీధులున్నాయి. ఈ నగరంలో తెలుగువాళ్లు తమ భాష కోసం, చదువు కోసం ఒకచోట కూడడం మొదలుపెట్టిన వీధులవి. ఈమధ్య ఒక ఆదివారం ఉదయం గైడ్ వెంట ఆ వీధుల్లో నడిచి వచ్చిన పౌరుడిగా మీకు ఈ లేఖ రాస్తున్నాను. నేను కోరుతున్నది కోట్ల రూపాయల ప్రాజెక్టు కాదు. ఆ నడక తెలుగులో కూడా క్రమం తప్పకుండా జరగాలి, నడిచి వచ్చినవాళ్లకు దారిలోని ప్రభుత్వ సంస్థల గేట్లు తెరుచుకోవాలి. మొదటిది గైడ్లకు కాస్త శిక్షణ ఇస్తే అయ్యే పని. రెండోది మాత్రం మీ స్థాయిలో ఉత్తర్వు వస్తే తప్ప కాదు.

ముందుగా ఆ వీధుల్లో ఏముందో చెప్పనివ్వండి. బ్రిటిష్ రెసిడెన్సీ భవనాన్ని 1803లో నిజాం కొలువులో ఈస్టిండియా కంపెనీ ప్రతినిధిగా ఉన్న రెసిడెంటు జేమ్స్ అకిలీస్ కర్క్‌ప్యాట్రిక్ మొదలుపెట్టించాడు. నమూనా గీసినవాడు మద్రాసు ఇంజినీర్ల దళానికి చెందిన శామ్యూల్ రస్సెల్, ఖర్చు భరించింది నిజాం ఖజానా. ముందు భాగంలో ఆకాశానికి ఎత్తినట్టుండే ఆరు స్తంభాలు, మెట్లకు చెరో పక్కన సింహాలు, పైన త్రికోణపు ముఖభాగంలో ఈస్టిండియా కంపెనీ చిహ్నం నేటికీ ఉన్నాయి. స్వాతంత్ర్యం తర్వాత అది మహిళా కళాశాల అయింది. ఇప్పుడది వీరనారి చాకలి ఐలమ్మ పేరు పెట్టుకున్న మహిళా విశ్వవిద్యాలయం. కంపెనీ దొర కొలువు తీరిన ఆవరణకు, విసునూరు దేశ్‌ముఖ్‌ను ఎదిరించి తన పంటను తాను దక్కించుకున్న పల్లె స్త్రీ పేరు వచ్చిందంటే, అంతకు మించిన కథను ఏ గైడ్ మాత్రం కల్పించగలడు? కానీ మా గైడ్ ఆ మాట ఎత్తలేదు. కర్క్‌ప్యాట్రిక్, అతను పెళ్లాడిన హైదరాబాదీ యువతి ఖైరున్నిసాల ప్రేమకథను మాత్రం తీరిగ్గా, రసవత్తరంగా చెప్పాడు. ప్రేమకథలకు నేను వ్యతిరేకిని కాను. నడకలో సగం సేపు ఆ ఒక్క కథకే పోతే, మిగతా వీధి కథ చెప్పడానికి సమయం ఎక్కడిది అన్నదే నా బాధ.

రెసిడెన్సీ గోడ బయట, కోఠి బస్సుల రద్దీ మధ్య 1857 స్మారకం ఉంది. ఆ ఏడాది జులై 17న తుర్రేబాజ్ ఖాన్, మౌల్వీ అలావుద్దీన్ నాయకత్వంలో రోహిల్లాలనే పఠాన్ యోధులు ఈ రెసిడెన్సీ మీద దాడి చేశారు. ఎదురుగా పుత్లీబౌలి వైపున్న ఇద్దరు సాహుకార్ల ఇళ్లను ఆక్రమించి, అక్కడి నుంచి కాల్పులు జరిపారు. ఫిరంగుల ముందు నిలవలేకపోయారు. అలావుద్దీన్‌ను అండమాన్‌కు పంపారు. తుర్రేబాజ్ ఖాన్ పట్టుబడి, తప్పించుకుని, చివరికి 1859లో చంపబడ్డాడు. గైడ్ ఈ సంగతులు చెబుతున్నంతసేపూ రెండు బస్సులు ఒకదాని వెనక ఒకటి హారన్ మోగిస్తూనే ఉన్నాయి. వెనక నిలబడినవాళ్లకు అతని పెదవులు కదలడం తప్ప మాట వినిపించలేదు. ఇంత పెద్ద సంఘటన జరిగినచోట నాలుగు వాక్యాల తెలుగు, ఉర్దూ ఫలకం చదువుకోవడానికి వీలుగా, నిలబడడానికి చోటుతో సహా ఉండాలని అడగడం అత్యాశ కాదనుకుంటాను.

ఇక ఈ లేఖకు అసలు కారణమైన భాగం. రెసిడెన్సీ చుట్టూ ఉన్న బజార్లలో ఆ రోజుల్లో సాగింది నిజాం పాలన కాదు, బ్రిటిష్ రెసిడెంటు పాలన. 1933లో తిరిగి నిజాం చేతికి వచ్చాకే అది సుల్తాన్ బజార్ అయింది. నిజాం రాజ్యంలో సభలకూ పత్రికలకూ ఆంక్షలున్న కాలంలో ఈ కొద్దిపాటి జాగాలో కొంత వెసులుబాటు ఉండేది. శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషా నిలయమనే తెలుగు గ్రంథాలయం 1901 సెప్టెంబరు 1న ఇక్కడే, రావిచెట్టు రంగారావు గారి ఇంట్లో పుట్టడం వెనక ఆ వెసులుబాటు పాత్ర కూడా ఉంది. కొమర్రాజు లక్ష్మణరావు గారు, మునగాల రాజా నాయని వెంకటరంగారావు గారు అందులో పాలుపంచుకున్నారు. 1904లో హనుమకొండలో వెలసిన రాజరాజనరేంద్రాంధ్ర భాషా నిలయమైనా, ఆ తర్వాత తెలంగాణ ఊళ్లలో ఒక్కొక్కటిగా వచ్చిన గ్రంథాలయాలైనా ఈ ఒరవడిలోనివే. చార్మినార్ దగ్గర సున్నపు గచ్చును చూపించి చరిత్ర చెప్పవచ్చు. ఇక్కడ చూపించవలసినవి పుస్తకాల అల్మారాలు.

అక్కడి నుంచి జాంబాగ్ వైపు నాలుగడుగులు వేస్తే వివేకవర్ధిని విద్యాసంస్థ వస్తుంది. 1921 నవంబరులో అక్కడి థియేటర్‌లో నిజాం రాష్ట్ర సంఘ సంస్కార సభ జరిగింది. అధ్యక్షుడు స్త్రీ విద్యకు జీవితం ధారపోసిన మహర్షి కార్వే. ఇంగ్లీషులో, ఉర్దూలో, మరాఠీలో సాగిన ఉపన్యాసాలను సభ శ్రద్ధగా విన్నది. ఆలంపల్లి వెంకటరామారావు గారు లేచి తెలుగులో మాట్లాడబోయేసరికి ఎగతాళి, అల్లరి మొదలై ఆయన ప్రసంగం సాగనివ్వలేదు. రాజ్యంలో అత్యధికులు మాట్లాడే భాషకు రాజధానిలో, అదీ సంస్కర్తల సభలో జరిగిన మర్యాద అది. ఆ రాత్రే టేకుమాల రంగారావు గారింట్లో కొందరు తెలుగువాళ్లు సమావేశమై ఆంధ్ర జనసంఘానికి అంకురార్పణ చేశారు. మాడపాటి హనుమంతరావు గారు దాన్ని భుజాన వేసుకున్నారు. అదే పెరిగి 1930లో జోగిపేటలో సురవరం ప్రతాపరెడ్డి గారి అధ్యక్షతన మొదటి ఆంధ్ర మహాసభ అయింది. తర్వాతి కాలపు తెలంగాణ రాజకీయాలకు, రైతాంగ పోరాటానికి మూలాలు వెదికేవారెవరైనా ఈ సభ దగ్గరికి రాక తప్పదు.

ఈ ఘట్టాన్ని మా గైడ్ మాకు ఇంగ్లీషులో చెప్పాడు. గుంపులో ఎక్కువమంది తెలుగువాళ్లమే. అతనూ తెలుగువాడే. దారిలో చాయ్ తాగేటప్పుడు నల్లగొండ యాసలో చక్కగా మాట్లాడాడు. మరి కథ ఇంగ్లీషులో ఎందుకు అంటే, టిక్కెట్టు కొన్నవాళ్లు అదే కోరుకుంటారని, తాను నేర్చుకున్న పాఠం కూడా ఆ భాషలోనే ఉందని చెప్పాడు. తప్పు అతనిది కాదు. తెలుగులో చెప్పడానికి సరిచూసిన పాఠం ఒకటి అతని చేతికి ఎవరూ ఇవ్వలేదు. తెలుగులో మాట్లాడినందుకు ఒక పెద్దమనిషిని కూర్చోబెట్టేసిన చోట నిలబడి, శతాబ్దం గడిచాక, ఆ సంగతినే తెలుగువాళ్లకు తెలుగులో చెప్పుకోలేకపోవడం మాత్రం సాంస్కృతిక శాఖ పట్టించుకోవలసిన విషయమని మనవి చేస్తున్నాను. తెలుగుతో పాటు ఈ నగరపు దక్కనీ ఉర్దూలోనూ నడక ఉండాలి. ఇంగ్లీషు నడకలు ఎలాగూ ఉన్నాయి, ఉండనివ్వండి.

గేట్ల సంగతికి వస్తాను. మేము వెళ్లిన రోజు ఒక సంస్థ ఆవరణ ముందు ఆగిపోయాం. ఆ సంస్థ పేరు రాయడం నా ఉద్దేశం కాదు. అక్కడి కావలి మనిషి మర్యాదగానే మాట్లాడాడు. పైనుంచి కాగితం ఉంటే పంపిస్తాను, లేకపోతే నా ఉద్యోగం పోతుంది అన్నాడు. అందులో అబద్ధమేమీ లేదు. చివరికి మా గైడ్ రోడ్డు పక్కనే నిలబడి, లోపలి హాలు ఎలా ఉంటుందో తన ఫోన్‌లోని ఫొటోలో చూపించాడు. మేమంతా ఎండ పడకుండా చేతులు అడ్డుపెట్టుకుని ఆ చిన్న తెర మీదికి వంగి చూశాం. పెళ్లికి పిలిచి పందిట్లోకి రానివ్వనట్టుంది ఈ వ్యవహారం.

ఆ ప్రాంతపు పాత కట్టడాల్లో చాలావాటిలో ఇప్పుడు బళ్లు, కళాశాలలు, ఆసుపత్రులు, బ్యాంకులు నడుస్తున్నాయి. ఒక్కొక్కటీ ఒక్కో శాఖ కింద ఉంది. నడక నిర్వహించేవారు ప్రతి వారం ప్రతి అధికారి చుట్టూ తిరిగి అనుమతి తెచ్చుకోవడం జరిగే పని కాదు. విద్యార్థినుల భద్రత, రోగుల ప్రశాంతత అన్నిటికంటే ముందు అన్నది నేనూ ఒప్పుకుంటాను. అందుకే నేను అడుగుతున్నది ఆదివారం ఉదయం రెండు గంటలు మాత్రమే. నమోదైన గైడ్, పేర్లు రాసుకున్న చిన్న బృందం, లోపల ఫలానా దారి అని ముందే గీసుకున్న హద్దు, ఆ హద్దు దాటకుండా వెంట ఉండే సంస్థ సిబ్బంది ఒకరు ఉంటే చాలు. విద్యా శాఖతోనూ ఇతర శాఖలతోనూ మాట్లాడి మీరు ఒకే ఉమ్మడి ఉత్తర్వు ఇప్పించగలిగితే కావలి మనిషి చేతికి ఆ కాగితం అందుతుంది.

ఇది మనకే కొత్త ఆలోచన కాదు. అహ్మదాబాద్ నగరపాలక సంస్థ 1997 నవంబరు 19న కాలూపూర్ స్వామినారాయణ మందిరం నుంచి జామా మసీదు దాకా వారసత్వ నడక మొదలుపెట్టింది. రోజూ ఉదయం, పోళ్లనే పాత వాడల గుండా సాగే నడక అది. 2017లో ఆ నగరం ప్రపంచ వారసత్వ నగరాల జాబితాకెక్కింది. నడక వల్లనే ఆ గుర్తింపు వచ్చిందని నేననను. కానీ రోజూ ఎవరో ఒకరు వచ్చి తమ వాకిలి చెక్కడాలను మెచ్చుకుని పోతూ ఉంటే, ఆ ఇంటివాళ్లు కూల్చే ముందు ఒకసారి ఆగి ఆలోచిస్తారు. మన దగ్గర పాత కట్టడాలకు రక్షణగా ఉన్న హైదరాబాద్ పట్టణాభివృద్ధి సంస్థ (హుడా) పదమూడో నిబంధన 2015లో రద్దయింది, 2017లో వారసత్వ చట్టం వచ్చింది. చట్టం దాని పని అది చేస్తుంది. వారం వారం చూసే కళ్లు ఉండడం వేరు.

గైడ్లుగా ఆ వీధుల పిల్లలనే తీసుకోమని కోరుతున్నాను. బడీచౌడీలో కూరగాయల బండి పెట్టే ఇంటి అమ్మాయికి, గుజరాతీ గల్లీలో దుకాణంలో పనిచేసే కుర్రాడికి ఆ సందుల గురించి మనకంటే ఎక్కువ తెలుసు. చరిత్ర పాఠాన్ని సురవరం ప్రతాపరెడ్డి తెలుగు విశ్వవిద్యాలయం వారు సరిచూసి ఇవ్వగలరు. గుంపును నడిపించే మెలకువలు మీ శాఖ పరిధిలోనే ఉన్న పర్యాటక, ఆతిథ్య నిర్వహణ సంస్థ నేర్పగలదు. ఇప్పటికే సొంతంగా నడకలు జరుపుతున్నవారిని పక్కకు నెట్టవద్దు. ప్రభుత్వం పట్టించుకోని కాలంలో ఈ వీధుల మీద ఆసక్తి చావకుండా కాపాడింది వాళ్లే.

ఒక భయం కూడా చెప్పుకోవాలి. మన దగ్గర ఏ ప్రాంతం మీదనైనా పర్యాటక శాఖ చూపు పడితే ముందుగా వచ్చేవి రంగు దీపాలు, గోడల మీద బొమ్మలు, ఐ లవ్ అనే నిలువెత్తు అక్షరాలు. దయచేసి అవేవీ వద్దు. అంతకంటే ముఖ్యంగా, సుందరీకరణ పేరుతో కోఠి ఫుట్‌పాత్ మీది పాత పుస్తకాలవాళ్లను లేపవద్దు. గ్రూపు పరీక్షలకు చదివే పిల్లలు మొదలు ఇంజినీరింగ్ విద్యార్థుల దాకా, సగం ధరకు పుస్తకం దొరికే ఆ వరస కూడా ఈ నడకలో ఆగి చూడవలసిన చోటే. డబ్బు ఖర్చు పెట్టాలనుకుంటే శుభ్రమైన మరుగుదొడ్ల మీద పెట్టండి. నాతో నడిచిన ఆడవాళ్లు ఆ ఉదయమంతా మంచినీళ్లు తాగకుండా గడిపారు.

సుల్తాన్ బజార్‌లో మెట్రో స్టేషన్ ఉంది కాబట్టి నడక అక్కడ మొదలై, రెసిడెన్సీ, 1857 స్మారకం, వివేకవర్ధిని మీదుగా తిరిగి భాషా నిలయం దగ్గర ముగిస్తే బాగుంటుందని నా సూచన. వివేకవర్ధిని సభ జరిగింది నవంబరులో. ఎండలు తగ్గి, వానలు వెలిసే నెల కూడా అదే. రాబోయే నవంబరులో మొదటి తెలుగు నడక జరిగేలా, అంతకు ముందే గేట్ల ఉత్తర్వు వెలువడేలా మీ శాఖ కార్యదర్శికి ఆదేశాలు ఇవ్వవలసిందిగా కోరుతున్నాను. మొదటి నడకకు మీరే రావాలి. ఆలంపల్లి వెంకటరామారావు గారి మాట ఆగిపోయిన చోట మీరు తెలుగులో నాలుగు మాటలు మాట్లాడితే వినడానికి మేము ముందు వరుసలో ఉంటాం.

భవదీయుడు,
ఒక హైదరాబాదు పౌరుడు